పూస అరగడం వేరు, జరగడం వేరు, కుంగడం వేరు: అమ్మగారి డి12 ఫ్రాక్చర్‌కు ఏం చేయాలి?

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. మీ అమ్మగారికి 68 ఏళ్లు, గుంటూరులో మీ అన్నయ్య దగ్గర ఉంటారు. పదకొండు రోజుల కిందట పెళ్లికి వెళ్లి వస్తూ బస్సులో వెనక సీటులో కూర్చున్నారు. బస్సు గుంతలో పడగానే ఎగిరి సీటు మీద కూలబడ్డారు. అప్పటినుంచి నడుము పైభాగంలో భరించలేని నొప్పి. ఎక్స్‌రే తీయిస్తే డి12 పూసకు వెడ్జ్ కంప్రెషన్ ఫ్రాక్చర్, అంటే పూస నలిగి కుంగిందని వచ్చింది. ఒక డాక్టరు మూడు నెలలు మంచం దిగవద్దన్నారు. ఇంకొకరు సూదితో పూసలోకి ఎముకల సిమెంటు ఎక్కిస్తే మర్నాడే లేచి తిరుగుతారన్నారు. చూడటానికి వచ్చిన బంధువులు కాళ్లు పడిపోతాయని భయపెట్టి వెళ్లారు. ఎవరి మాట వినాలన్నది మీ ప్రశ్న.

నేను ఎముకల వైద్యుణ్ణి. విజయవాడలో 27 ఏళ్లుగా ప్రాక్టీసు చేస్తున్నాను. మీ అమ్మగారి లాంటి వారు నా దగ్గరకు రాని వారం ఉండదు.

ముందు సూటిగా జవాబు చెబుతాను. కాళ్లలో బలం తగ్గలేదని, మూత్రం, విరేచనం మీద పట్టు ఉందని, జ్వరం లేదని మీరు రాశారు. అవి నిజమైతే ఆమెకు కాళ్లు పడిపోయే అవకాశం చాలా తక్కువ. మూడు నెలలు మంచాన ఉంచకండి. సిమెంటుకు ఈ వారమే తొందరపడకండి. నొప్పి తగ్గే మందులు సరిగ్గా ఇచ్చి, కొలతకు తగిన బెల్టు కట్టి, రోజూ కొంచెం కొంచెంగా నడిపించండి. ఆరు నుంచి పన్నెండు వారాల్లో ఎక్కువమందికి నొప్పి బాగా తగ్గిపోతుంది. అయితే బస్సు కుదుపుకే కుంగిపోయేంతగా ఆ ఎముక ఎందుకు బలహీనపడింది? దానికి మందు ఎవరు మొదలుపెట్టారు? మీరు రాసిన దాంట్లో ఆ సంగతి ఎక్కడా లేదు. ఇద్దరు డాక్టర్లను కలిశారు, ఇద్దరూ విరిగిన పూస గురించే మాట్లాడారు. నేను ఇంత వివరంగా రాస్తున్నది అందుకే.

ఇప్పుడు అసలు ఏం జరిగిందో చెబుతాను.

మన ప్రాంతంలో నడుము నొప్పికి మూడు మాటలు వినిపిస్తాయి: పూసలు అరిగాయి, పూస జరిగింది, పూస కుంగింది. చాలామంది మూడింటినీ ఒకటిగానే అనుకుని ఒకరికి ఇచ్చిన సలహా మరొకరికి ఇస్తుంటారు. అరగడం వయసుతో వచ్చేది, కీళ్ల మార్పు. జరగడమని మనవాళ్లు అనేది ఎక్కువగా పూసల మధ్య ఉండే డిస్క్ బయటికి వచ్చి నరాన్ని నొక్కడాన్ని. దానికి నొప్పి కాలిలోకి దిగుతుంది. కుంగడం మాత్రం ఎముక విరగడమే. పూస ముందుభాగం బరువుకు ఆగలేక నలిగి, తడిసిన అట్టపెట్టె ఒక అంచున కుంగినట్టు కుంగిపోతుంది. పక్కనుంచి తీసిన ఎక్స్‌రేలో మిగతా పూసలు నలుచదరంగా కనిపిస్తే ఇది ముందువైపు పలచబడి, కట్టెలు చీల్చడానికి కొట్టే చీల ఆకారంలో ఉంటుంది. వెడ్జ్ అనే మాట అందుకే. మీ దగ్గరున్న ఫిల్మ్‌ను కిటికీ వెలుతురుకు ఎదురుగా పట్టుకుని చూడండి, మీకే తెలుస్తుంది.

డి12 అంటే ఛాతీ వెనక ఉండే పన్నెండు పూసల్లో చివరిది. ఆ పైవి పక్కటెముకల పంజరంతో బిగిసి ఉంటాయి, పెద్దగా కదలవు. దాని కింద ఉన్న నడుము పూసలు ఐదూ వంగుతాయి, తిరుగుతాయి. బిగిసిన భాగం, కదిలే భాగం కలిసే ఆ మలుపు దగ్గరే కుదుపంతా పడుతుంది. అందుకే పూసలు ఇలా కుంగడం ఎక్కువగా డి12లోనూ, దాని కిందే ఉండే మొదటి నడుము పూస ఎల్1లోనూ చూస్తాం. బస్సు వెనక సీటు, స్పీడ్ బ్రేకర్ మీద ఎగిరిన ఆటో, స్నానాల గదిలో జారి పిరుదుల మీద కూలబడటం, వంగి నీళ్ల బకెట్ ఎత్తడం... నా రికార్డుల్లో కారణాలు దాదాపు ఇవే. కొందరికైతే కారణమే గుర్తుండదు. గట్టిగా తుమ్మాక మొదలైందని చెప్పినవారూ ఉన్నారు.

కాళ్ల సంగతికి వస్తాను, మీ భయం ముందు పోవాలి. పూసకు ముందు దిమ్మ, దాని వెనక ఒక గోడ, ఆ గోడకు వెనక వెన్నుపాము ఉంటాయి. ఎముకలు గుల్లబారి కుంగినప్పుడు సాధారణంగా ముందు దిమ్మే నలుగుతుంది, వెనక గోడ నిలబడుతుంది. తాటిచెట్టు మీదనుంచి, కట్టడాల మీదనుంచి పడ్డవారి కథ వేరు. వాళ్ల పూస నాలుగు వైపులా పగిలి ముక్కలు వెనక్కి, వెన్నుపాము వైపు తోసుకువస్తాయి. మీ బంధువులు చూసింది బహుశా అలాంటి మనిషినే. రెండింటి పేరూ వెన్నుపూస విరగడమే కాబట్టి పొరపడ్డారు.

అయినా కొన్ని లక్షణాలు కనిపిస్తే తెల్లవారేదాకా కూడా ఆగకూడదు. కాలు ఈడ్చడం, మెట్టు ఎక్కుతుంటే మోకాలు మడతపడటం, తొడల లోపలివైపు, మలద్వారం చుట్టూ స్పర్శ తెలియకపోవడం, మూత్రం ఆగిపోవడం లేదా తెలియకుండా పోవడం. వీటిలో ఏ ఒక్కటి కనిపించినా వెంటనే పెద్దాసుపత్రికి తీసుకువెళ్లండి.

ఇంకో జాగ్రత్త ఉంది. కుంగిన ప్రతి పూసా వయసు వల్ల కుంగింది కాదు. మనకు క్షయ ఇంకా పోలేదు. అది వెన్నుపూసకూ పడుతుంది. మైలోమా అనే రక్త సంబంధమైన క్యాన్సర్, రొమ్ము, ఊపిరితిత్తులు, ప్రోస్టేట్ క్యాన్సర్లు కూడా పూసల్లోకి పాకి వాటిని కూలుస్తాయి. మంగళగిరి దగ్గర్నుంచి 61 ఏళ్ల పెద్దమనిషిని తీసుకువచ్చారు. పూస కుంగిందని బెల్టు వేసి రెండు నెలలు తిప్పారు. ఆయన చెప్పిన ఒక్క మాట నన్ను ఆపింది: "పడుకుంటే కూడా తగ్గడం లేదు బాబూ, రాత్రే ఎక్కువ." మామూలుగా కుంగిన పూస నొప్పి పడుకుంటే తగ్గుతుంది, లేస్తే, తిరిగితే పెరుగుతుంది. ఆయన ముఖం పాలిపోయి ఉంది, హిమోగ్లోబిన్ 7. పరీక్షలు చేయిస్తే మైలోమా అని తేలింది. ఆ రెండు నెలలు ముందే పట్టుకుని ఉంటే బాగుండేదని ఇప్పటికీ అనిపిస్తుంది.

కాబట్టి మీ అమ్మగారికి ఒకసారి ఎం.ఆర్.ఐ. చేయించండి. అందులో రెండు విషయాలు తెలుస్తాయి. ఒకటి, పూస కుంగింది కొత్తగానా, ఎప్పుడో పాతదా అన్నది. కొత్త పూసలో నీరు చేరి స్టిర్ అనే చిత్రంలో తెల్లగా మెరుస్తుంది, పాతది మెరవదు. రెండోది, వెనక గోడ, వెన్నుపాము ఎలా ఉన్నాయన్నది, లోపల గడ్డ, చీము లాంటివి ఉన్నాయా అన్నది. దాంతోపాటు రక్తంలో హిమోగ్లోబిన్, ఇ.ఎస్.ఆర్., కాల్షియం, కిడ్నీల పనితీరు తెలిపే క్రియాటినిన్, విటమిన్ డి, థైరాయిడ్, సీరమ్ ప్రొటీన్ ఎలక్ట్రోఫోరెసిస్ చేయించండి. ఈ చివరి పరీక్షను చాలాసార్లు వదిలేస్తుంటారు. మైలోమాను ఎక్కువగా పట్టిచ్చేది అదే.

ఇక మంచం సంగతి. విశ్రాంతి మంచిదే కదా అని మీ అన్నయ్య అడిగారని రాశారు. మొదటి మూడు నాలుగు రోజులు, మహా అయితే వారం, నొప్పి మరీ ఎక్కువగా ఉన్నప్పుడు పడుకోవాల్సిందే. ఆపైన పడుకున్న ప్రతి వారం ఎముకలోంచి కాల్షియం పోతూనే ఉంటుంది, తొడల కండ కరిగిపోతుంది. అంటే గుల్లబారడం వల్ల విరిగిన మనిషికి మరింత గుల్లబారే వైద్యం చేస్తున్నామన్న మాట. దానికి తోడు పుండ్లు, ఊపిరితిత్తుల్లో కఫం, కాలి సిరల్లో రక్తం గడ్డకట్టడం. తెనాలి వైపు నుంచి ఒక అమ్మను మూడు నెలల పడక తర్వాత అంబులెన్సులో తెచ్చారు. పూస ఎప్పుడో అతుక్కుంది. పిరుదుల మధ్య పుండు మాత్రం ఎముక దాకా వెళ్లింది. ఆమెను మళ్లీ కర్ర పట్టి నాలుగడుగులు వేయించడానికి మాకు ఏడు నెలలు పట్టింది. ఆ కుటుంబం తప్పు చేయలేదు. చెప్పినట్టే చేశారు, వంతులు వేసుకుని సేవ చేశారు. అందుకే నాకు మరీ బాధ.

లేవడమెలాగో నేర్పితే సగం నొప్పి తగ్గుతుంది. వెల్లకిలా పడుకున్న మనిషి తల ఎత్తి తిన్నగా లేవబోతే నడుము ముందుకు వంగి, బరువంతా ఆ నలిగిన అంచు మీదే పడుతుంది. అప్పుడే కేక పెడతారు. ఇలా చేయించండి. ముందు మోకాళ్లు రెండూ మడవాలి. భుజం, తుంటి, మోకాలు ఒకేసారి, దుంగ దొర్లినట్టు, పక్కకు తిరగాలి. పాదాలు మంచం అంచు దాటి కిందికి జారుతుంటే అదే సమయంలో కింది మోచేతి మీద, రెండో అరచేతి మీద బరువు వేసి పైకి లేవాలి. కూర్చున్నాక ఒక నిమిషం ఆగాలి. పెద్దవాళ్లకు లేవగానే కళ్లు తిరుగుతాయి. చంకల కింద చేతులు వేసి వెనకనుంచి లాగవద్దు. ప్రేమతోనే లాగుతారు, కానీ అదే ఎక్కువ బాధిస్తుంది. నవారు మంచం, కుంగిపోయే పాత దూది పరుపు వద్దు. చెక్క మంచం మీద గట్టి పరుపు వేయండి. నేల మీద పడక అసలే వద్దు, లేవడం నరకం అవుతుంది. కింద కూర్చునే మరుగుదొడ్డి అయితే పైన కమోడ్ కుర్చీ పెట్టండి.

మొదటి వారం రోజుకు నాలుగైదు సార్లు గదిలో అటూ ఇటూ నడిస్తే చాలు. రెండో వారం నుంచి వరండా దాకా. కూర్చోవడం కన్నా నిలబడటం, నడవడం వెన్నుకు తేలిక. కూర్చుంటే వీపుకు ఆనుడు ఉన్న కుర్చీలో ఇరవై నిమిషాలకు మించవద్దు. సోఫాలో కూరుకుపోయి టీవీ చూడటం ఇప్పట్లో మానాలి.

బెల్టు గురించి: మందుల షాపులో అమ్మే నడుము బెల్టు డి12కు చాలదు, అది కింది నడుమును మాత్రమే పట్టుకుంటుంది. ముందుకు వంగనివ్వకుండా ఛాతీ దగ్గర, పొత్తికడుపు కింద ఆనే ఏ.ఎస్.హెచ్. బ్రేస్ గానీ, భుజాల మీదుగా పట్టీలు వచ్చే టేలర్ బ్రేస్ గానీ కావాలి. లేచి ఉన్నంతసేపే కట్టాలి, పడుకునేటప్పుడు తీసేయాలి. లోపల పలుచటి నూలు బట్ట ఉండాలి. మన ఎండల్లో చెమటకు చర్మం ఒరుసుకుపోతుంది. బెల్టు ఎముకను అతికించదు, నొప్పి లేకుండా లేవడానికి ఆసరా ఇస్తుంది, అంతే. ఎనిమిది నుంచి పన్నెండు వారాల్లో వదిలించాలి. ఏళ్ల తరబడి కట్టుకుంటే వీపు కండరాలు పని మరచిపోతాయి.

నొప్పి మందుల్లో పారాసిటమాల్ ముందు. అవసరమైతే ట్రమడాల్ లాంటిది కొద్ది రోజులు. డైక్లోఫెనాక్, ఎసిక్లోఫెనాక్ లాంటివి బీపీ, షుగరు ఉన్న 68 ఏళ్ల మనిషికి కిడ్నీ పరీక్ష చూడకుండా వారాల తరబడి ఇవ్వకూడదు. ఇంకో చిన్న విషయం, ఎవరూ చెప్పరు: పూస కుంగాక మలబద్ధకం చాలామందికి వస్తుంది. కొంత దెబ్బ వల్ల, కొంత మందుల వల్ల. ముక్కితే పూస మీద ఒత్తిడి పెరుగుతుంది, కాబట్టి మొదటి రోజు నుంచే దానికి మందు, నీళ్లు, పీచు ఉన్న కూరలు చూసుకోండి. మసాజులు, నడుము తొక్కించడం, ఎముకల కట్టు వేసేవారి చేత సరిచేయించడం ఏవీ వద్దు. వెన్ను మీద బయటినుంచి చేసే ఏ కట్టూ కుంగిన పూసను లేపలేదు.

సిమెంటు గురించి నిజాయతీగా చెబుతాను, ఎందుకంటే ఇందులో రెండు వైపులా అతి ఉంది. ఈ పద్ధతి 1984లో ఫ్రాన్సులో మొదలైంది. వీపు మీద చిన్న గాటుతో సూది పూసలోకి పంపి ఎముకల సిమెంటు నింపుతారు. ముందు బుడగ ఊది కాస్త ఎత్తు తెచ్చి నింపితే దాన్ని కైఫోప్లాస్టీ అంటారు. 2009లో అమెరికా, ఆస్ట్రేలియా పరిశోధకులు విడివిడిగా చేసిన రెండు అధ్యయనాల్లో కొందరికి నిజంగా సిమెంటు వేశారు, కొందరికి వేసినట్టు నటించారు. నొప్పి తగ్గడంలో రెండు గుంపులకూ పెద్ద తేడా కనిపించలేదు. 2016లో ఆస్ట్రేలియాలోనే మరో అధ్యయనం జరిగింది. పూస విరిగి ఆరు వారాలు దాటని, తీవ్రమైన నొప్పి ఉన్నవారిని మాత్రమే తీసుకుంటే లాభం కనిపించింది. 2018లో నెదర్లాండ్స్ అధ్యయనంలో మళ్లీ లాభం కనిపించలేదు.

నా పద్ధతి ఇది. మూడు నాలుగు వారాలు మందులు, బెల్టు సక్రమంగా వాడినా మంచంలో పక్కకు తిరగలేని మనిషికి, ఎం.ఆర్.ఐ.లో పూస ఇంకా తెల్లగా మెరుస్తుంటే, లేదా పూస లోపల అతుక్కోక ఖాళీ ఏర్పడితే, సిమెంటు గురించి మాట్లాడతాను. నొప్పి మందులు పడక మతి తప్పిపోతున్న మరీ పెద్దవాళ్లకు ఇంకొంచెం ముందే. గత ఏడాది 79 ఏళ్ల అవ్వకు అలాగే చేశాం. సాయంత్రానికి లేచి కూర్చుని తనే అన్నం కలుపుకుని తిన్నారు. అది చూసినప్పుడు ఈ పద్ధతిని కొట్టిపారేయలేను. కానీ పది రోజుల నొప్పికి, అందునా రోజురోజుకూ తగ్గుతున్న నొప్పికి, అవసరం లేదు. సిమెంటు పూస బయటికి కారే అవకాశం ఉంది. అరుదుగా నరాన్ని తాకవచ్చు, ఊపిరితిత్తుల్లోకి వెళ్లవచ్చు. మర్నాడే తిరుగుతారు అన్న మాటతో పాటు ఇది కూడా మీకు చెప్పి ఉండాల్సింది. మీ అమ్మగారు ఈరోజు నొప్పికి పదిలో ఎన్ని మార్కులు వేస్తారో ఒక కాగితం మీద రోజూ రాయండి. మూడు వారాల తర్వాత ఆ కాగితం చూసి నిర్ణయించండి.

ఇప్పుడు అసలు సంగతి. బస్సు కుదుపుకు కుంగిన పూసే ఎముకలు గుల్లబారాయనడానికి రుజువు. చెదలు తిన్న దూలం పైకి బాగానే కనిపిస్తుంది, ఒక రోజు మామూలు బరువుకే విరుగుతుంది. ఆ రోజు వేసిన బరువును తప్పుపట్టి లాభం లేదు. 2001లో వచ్చిన ఒక పెద్ద అధ్యయనం ప్రకారం, కొత్తగా పూస కుంగిన మహిళల్లో దాదాపు ఐదుగురిలో ఒకరికి ఏడాది తిరగకముందే మరో పూస కుంగింది. మొదటిది అతుక్కునే లోపే రెండోది తరుముకొస్తుందన్న మాట. పూసలు కుంగేకొద్దీ వీపు గూనిపోతుంది, పక్కటెముకలు తుంటి ఎముక మీదికి దిగుతాయి, కడుపుకు, ఊపిరితిత్తులకు చోటు తగ్గుతుంది. నాలుగు ముద్దలు తినగానే కడుపు నిండిందంటారు. ఆ తర్వాతి వంతు తుంటి విరగడానిది.

మీ అమ్మగారికి ఇదే మొదటిదని కూడా అనుకోకండి. మూడింట రెండు వంతుల కుంగుళ్లు ఎవరికీ తెలియకుండానే జరిగిపోతాయి. నేను అడిగే ప్రశ్న ఒకటుంది: "అమ్మా, ఈమధ్య చీర కుచ్చిళ్లు నేలకు రాసుకుంటున్నాయా?" పోయిన నెల ఒకావిడ ఆశ్చర్యపోయి నా వైపు చూశారు. రెండేళ్లుగా బొడ్డు దగ్గర ఒక మడత ఎక్కువ దోపుకుంటున్నారట, కట్టడం చేతకాక అనుకున్నారట. ఎత్తు కొలిస్తే పెళ్లినాటి కన్నా రెండు అంగుళాలు తక్కువ. ఎక్స్‌రేలో మూడు పూసలు పాతవే కుంగి ఉన్నాయి. వయసులో ఉన్నప్పటి ఎత్తు కన్నా నాలుగు సెంటీమీటర్లు తగ్గితే అనుమానించాలి. గోడకు వీపు, మడమలు ఆనించి నిలబెట్టినప్పుడు తల వెనకభాగం గోడకు తగలకపోయినా అంతే.

ఎముకల సాంద్రత కొలిచే డెక్సా పరీక్ష చేయించండి, తుంటికీ వెన్నుకూ. టీ స్కోరు మైనస్ 2.5 గానీ అంతకన్నా తక్కువ గానీ వస్తే గుల్లబారినట్టు లెక్క. అయితే కుంగిన పూస దట్టంగా కనిపించి వెన్ను దగ్గర స్కోరు అబద్ధంగా బాగా రావచ్చు, తుంటి అంకె చూడండి. ఒకవేళ స్కోరు బాగానే ఉందని వచ్చినా మీ అమ్మగారికి చికిత్స అవసరమే. విరిగిన ఎముక అంతకన్నా పెద్ద సాక్ష్యం.

ఎందుకు గుల్లబారాయి? ముట్లుడిగాక ఈస్ట్రోజెన్ హార్మోన్ తగ్గడం అందరికీ ఉండే కారణం. మన జిల్లాల్లో దానికి మరో రెండు కలుస్తాయి. మొదటిది చిన్న వయసులో గర్భసంచి తీయించడం. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేల్లో ఈ ఆపరేషన్లు ఎక్కువగా జరుగుతున్న రాష్ట్రాల్లో ఆంధ్రప్రదేశ్ ముందు వరుసలో ఉంది. గర్భసంచితో పాటు అండాశయాలూ తీసేస్తే ఆ రోజు నుంచే ఎముక తరగడం మొదలవుతుంది. గుంటూరులో మిరపకాయల తొడిమలు తీసే పనికి వెళ్లే 52 ఏళ్ల ఆమెకు మూడు పూసలు కుంగాయి. 31 ఏళ్లకు తెల్లబట్ట అవుతోందని గర్భసంచి, అండాశయాలు రెండూ తీసేశారు. ఆ తర్వాత 21 ఏళ్లలో ఎముకల సంగతి ఆమెకు చెప్పినవారు ఒక్కరూ లేరు.

రెండోది స్టెరాయిడ్. ఉబ్బసానికి, కీళ్లవాతానికి డాక్టర్లు ఇచ్చేది సరే, దానికి లెక్క ఉంటుంది. మోకాళ్ల నొప్పులకు పొట్లాల్లో కట్టి ఇచ్చే పేరులేని మాత్రలు, పొడులు ఉంటాయే, వాటిలో చాలాసార్లు ఉండేది అదే. తీసుకోగానే నొప్పి మాయమవుతుంది, ఆకలి పెరుగుతుంది, ముఖం గుండ్రంగా ఉబ్బుతుంది, చర్మం పలచబడి చేయి తగిలితే కమిలిపోతుంది. మీ అమ్మగారి మందుల డబ్బా మొత్తం ఒక గుడ్డ మీద పోసి చూడండి. పేరు లేని పొట్లం ఉంటే డాక్టరుకు చూపించండి. కానీ ఒక్కసారిగా ఆపించవద్దు, ఏళ్లుగా వాడిన స్టెరాయిడ్ హఠాత్తుగా ఆపితే ప్రాణం మీదికి వస్తుంది.

మందుల్లో ఏది ఇవ్వాలన్నది మీ డాక్టరు పరీక్షలు చూసి నిర్ణయించాలి. మీరు అడగడానికి వీలుగా నాలుగు మాటలు. అలెండ్రోనేట్ 70 మిల్లీగ్రాములు వారానికి ఒకసారి వేసుకునే మాత్ర. పరగడుపున నిండు గ్లాసు మంచినీళ్లతో వేసుకుని అరగంట పాటు పడుకోకూడదు, కాఫీ కూడా తాగకూడదు. ఇప్పుడు కూర్చోలేని మనిషికి అది కుదరదు, అన్నవాహికలో పుండు పడే ప్రమాదం ఉంది. జోలెడ్రోనిక్ యాసిడ్ ఏడాదికి ఒకసారి సెలైన్‌లో ఎక్కించే మందు. మొదటిసారి రెండు మూడు రోజులు జ్వరం, ఒళ్లు నొప్పులు వస్తాయి, భయపడకండి. కిడ్నీ పనితీరు సరిగ్గా లేనివారికి ఇవ్వరు. విటమిన్ డి తక్కువగా ఉంటే ముందు దాన్ని సరిచేశాకే ఎక్కించాలి. టెరిపారటైడ్ రోజూ పొట్ట మీద ఇంట్లోనే ఇచ్చుకునే సూదిమందు. మిగతావి ఎముక తరగడాన్ని ఆపుతాయి, ఇది కొత్త ఎముకను పెంచుతుంది. ఒకటికి మించి పూసలు కుంగినవారికి నేను దీనివైపే మొగ్గుతాను. ఖరీదు ఎక్కువ, ఫ్రిజ్‌లో ఉంచాలి, గరిష్ఠంగా రెండేళ్లు. అది ఆపాక వెంటనే వేరే మందు మొదలుపెట్టకపోతే పెరిగిన ఎముక మళ్లీ పోతుంది.

డెనోసుమాబ్ గురించి ప్రత్యేకంగా హెచ్చరిస్తున్నాను. ఆరు నెలలకు ఒక ఇంజెక్షన్, తేలిగ్గా ఉంటుంది, కిడ్నీ కాస్త దెబ్బతిన్న వారికీ ఇవ్వవచ్చు. కానీ మధ్యలో మానేస్తే ఎముక గబగబా తరిగి ఒకేసారి రెండు మూడు పూసలు కుంగే ప్రమాదం ఉంది. నొప్పి లేదు కదా అని ఒక ఇంజెక్షన్ ఎగ్గొట్టిన ఏలూరు ఆవిడకు ఏడాది లోపే రెండు పూసలు పోయాయి. మొదలుపెడితే తేదీ క్యాలెండరు మీద రాసి పెట్టుకోండి. ఆపాలనుకుంటే డాక్టరు వేరే మందు ఇచ్చాకే ఆపండి.

కాల్షియం రోజుకు 1,000 నుంచి 1,200 మిల్లీగ్రాములు కావాలి, ఆహారంతో కలిపి. పావు లీటరు పాలు లేదా పెరుగులో సుమారు 300 ఉంటుంది. రాగి జావ, నువ్వుల చిమ్మిలి, మునగాకు, తోటకూర, ముల్లుతో నమిలే నెత్తళ్లు మనకు అందుబాటులోవే. మిగతాది మాత్రతో భర్తీ చేయండి. ఐరన్ మాత్రతో కలిపి ఒకేసారి వేయవద్దు. విటమిన్ డి వారానికి ఒకటి చొప్పున 60,000 యూనిట్లది సాధారణంగా ఎనిమిది వారాలు ఇస్తాం. ఇంత ఎండ కాసే బెజవాడలో కూడా పరీక్ష చేసినవారిలో ఎక్కువమందికి డి తక్కువే. డాక్టరు ఆపమన్నాక ఆపాలి, ఏళ్ల తరబడి వేసుకుంటే రక్తంలో కాల్షియం పెరుగుతుంది. ఒక మాట గుర్తుంచుకోండి: కాల్షియం, డి ఇస్తున్నాం కదా అని పై మందులు మానేయడానికి లేదు. ఇటుకలు, సిమెంటు తెచ్చి పోస్తే గోడ లేవదు కదా, కట్టేవాడు కావాలి.

వ్యాయామం ఆరు వారాల తర్వాత ఫిజియోథెరపిస్టు దగ్గర మొదలుపెట్టించండి. వీపు కండరాలను వెనక్కి లాగే వ్యాయామాలే చేయాలి, ముందుకు వంగేవి వద్దు. 1984లో మేయో క్లినిక్‌లో ఎముకలు గుల్లబారిన 59 మంది మహిళలను పరిశీలించినప్పుడు, ముందుకు వంగే వ్యాయామాలు చేసినవారికి కొత్తగా పూసలు కుంగడం వెనక్కి వంగేవి చేసినవారి కన్నా చాలా ఎక్కువగా కనిపించింది. కాబట్టి టీవీ చూసి పాదహస్తాసనం, పశ్చిమోత్తానాసనం చేయించకండి. ఇంటి పనుల్లోనూ ఇదే సూత్రం. కత్తిపీట ముందు కూర్చుని కూరలు తరగడం, పొట్టి చీపురుతో ఊడ్వడం, వంగి ముగ్గు వేయడం, బిందె ఎత్తడం ఇకపై వేరేవాళ్లు చేయాలి. ఆవిడ ఊరుకోరు, నాకు తెలుసు. బల్ల మీద కూరలు తరిగే ఏర్పాటు చేసి, పొడవు కర్ర చీపురు కొనిపెట్టండి. స్నానాల గదిలో పట్టుకోవడానికి ఇనుప కడ్డీ, నాచు లేని నేల, రాత్రి వెలిగే చిన్న దీపం. చీర కాస్త పైకి కట్టుకోమనండి. తొక్కుకుని పడేది అక్కడే.

పడిన రోజు నుంచి ఆరు వారాలకు, పన్నెండు వారాలకు నిలబెట్టి మరో ఎక్స్‌రే తీయించండి. పడుకోబెట్టి తీస్తే కుంగుడు తక్కువగా కనిపిస్తుంది. కొంచెం ఇంకా కుంగితే కంగారుపడవద్దు, కొంత మామూలే. నొప్పి తగ్గినట్టే తగ్గి ఒక రోజు హఠాత్తుగా పెరిగితే మాత్రం అదే పూస అనుకోకండి. పక్కది కుంగి ఉండవచ్చు, వెంటనే ఫిల్మ్ తీయించాలి. ఎం.ఆర్.ఐ., క్రియాటినిన్, డి, డెక్సా రిపోర్టులు వచ్చాక ఇక్కడే రాయండి, ఏ మందు నప్పుతుందో మీ డాక్టరును ఏమని అడగాలో చెబుతాను.

మీ ప్రశ్న చివర్లో, అమ్మగారిని చూసుకోవడానికి మీ అక్కయ్య వచ్చి ఉన్నారని, ఆమెకు 46 ఏళ్లని, పదేళ్ల కిందట గర్భసంచి తీయించుకున్నారని, తనకూ నడుము లాగుతోందంటున్నారని ఒక్క ముక్కలో రాసి వదిలేశారు. తల్లికి ఎముక గుల్లబారి ఉంటే కూతురికీ ఆ అవకాశం ఎక్కువ. ఆ ఆపరేషన్ కాగితాలు వెతికించి అండాశయాలు కూడా తీశారేమో చూడండి. అమ్మగారిని డెక్సాకు తీసుకువెళ్లే రోజున ఆవిడకూ చేయించండి.